ఊపు, ఊత – పేరు లేని ఒక చేష్ట చరిత్ర



దేహపు కదలికలను చెప్పడానికి మన భాషలో మాటలకు కొరత లేదు. ఊగడం వేరు, తూగడం వేరు, జోగడం వేరు. చేతులు ఆడించడం వేరు, విదిలించడం వేరు, విసరడం వేరు. ఉయ్యాలలో బిడ్డ ఊగుతుంది, నిద్ర ముంచుకొచ్చినవాడు తూగుతాడు, పద్యం నచ్చిన శ్రోత తల పంకిస్తాడు. ఇంత సంపద ఉన్న భాషలో, ఆటిజం గల పిల్లవాడు కళ్ళ ముందు వేళ్ళు ఆడించుకుంటూ, కూర్చున్నచోటే ముందుకూ వెనక్కూ ఊగుతూ, ఒకే మూతను గంటల తరబడి తిప్పుతూ ఉంటే ఆ పనిని చెప్పడానికి తిట్టు కాని మాట ఒక్కటి కూడా నాకు కనబడలేదు.

హైదరాబాదు పాతబస్తీలో ముప్ఫయ్యేళ్ళకు పైగా తెలుగు పాఠాలు చెప్పినవాణ్ణి. ఆ చేష్టకు అక్కడ నేను విన్న మాటలు ఇవి. తెలుగిళ్ళలో పిచ్చి చేష్టలు, కోతి చేష్టలు, గాలి సోకింది, దిష్టి తగిలింది. దక్కనీ మాట్లాడే ఇళ్ళలో దీవానా, నజర్, సాయా. పేరును బట్టే మందు ఉంటుంది. దిష్టి అన్నవారు ఎండుమిరపకాయలు తిప్పి పోస్తారు. సాయా అన్నవారు తాయెత్తు కడతారు. పొగరు అన్నవారు బెత్తం తీస్తారు. పేరు మారితే ఆ పిల్లవాడి చేతులకు పట్టే గతి కూడా మారుతుంది. అందుచేత, ఈ చేష్టకు లోకంలో ఏయే కాలాల్లో ఏయే పేర్లు పెట్టారో, ఒక్కో పేరు వెనుక ఏ చూపు ఉన్నదో ఈ టపాలో వరుసగా చెప్పదలచుకున్నాను.

ముద్రణాలయం నుంచి వచ్చిన మాట

ఆటిజం అన్న మాట పుట్టకముందే ఈ చేష్టను గమనించి వ్రాసినవారున్నారు. 1800లో దక్షిణ ఫ్రాన్సులోని అవేరాన్ ప్రాంతంలో అడవి నుంచి ఒక పిల్లవాడు బయటికి వచ్చాడు. మాటలు లేవు, వయసు పన్నెండేళ్ళ లోపు ఉండవచ్చునని అంచనా వేశారు. పారిస్‌లోని బధిరుల పాఠశాలలో ఇటార్ అనే యువవైద్యుడు అతనికి విక్టర్ అని పేరు పెట్టి కొన్నేళ్ళు చదువు చెప్పడానికి ప్రయత్నించాడు. ఆ పిల్లవాడు ఊరక కూర్చున్నప్పుడల్లా ముందుకూ వెనక్కూ ఊగేవాడని అప్పటి వర్ణనలలో ఉన్నది. విక్టర్‌కు ఆటిజం ఉండవచ్చునని ఈ కాలపు పరిశోధకులలో కొందరు అన్నారు, కొందరు ఒప్పుకోలేదు. ఆ వివాదం అట్లా ఉంచి, ఊగడాన్ని అప్పటివారు ఎట్లా చూశారో గమనించాలి. వారికది మనిషితనం ఇంకా పూర్తిగా రాలేదనడానికి గుర్తు.

పందొమ్మిదో శతాబ్ది చివరి భాగంలో జర్మన్ మనోవైద్యులు ఇటువంటి ఆవృత్త చేష్టలకు ఒక శాస్త్రీయ నామం స్థిరపరచారు. అదే స్టీరియోటైపీ. మాటల పుట్టుక వెదకడం నా వంటి భాషాపండితులకు అలవాటు గనుక కొంచెం ఆగుతాను. స్టీరియోటైప్ అచ్చుపనివారి మాట. విడి అక్షరాలు కూర్చిన పుటకు మూసతీసి, లోహం కరిగించి పోసి, గట్టి పలక తయారుచేసి అచ్చు వేసే పద్ధతి అది. ఆ పేరును పద్దెనిమిదో శతాబ్ది చివర ఫ్రాన్సులో ఫిర్మాఁ దిదో అనే ముద్రాపకుడు వాడాడు. ఆ పలకలో ఒక్క అక్షరం మార్చడానికి వీలుండదు, వేసిన పుటే మళ్ళీ మళ్ళీ పడుతుంది. మనిషి చేసే పనికి ఆ పేరు పెట్టిననాడే, అందులో అర్థం లేదు, ఉద్దేశం లేదు, పోతపోసిన పలక తిరుగుతున్నదంతే అన్న తీర్పు కూడా వెలువడిపోయింది. ఆ మాట వైద్యగ్రంథాలలో ఇప్పటికీ ఉన్నది.

కానర్ చూసిన సంతోషం

ఆటిజం అన్న పదాన్ని స్విట్జర్లాండు మనోవైద్యుడు యూజెన్ బ్లాయిలర్ ఇరవయ్యో శతాబ్ది మొదటి దశాబ్దం ముగిసేవేళ కల్పించాడు. గ్రీకులో ఆటోస్ అంటే తాను. తనలోకి తాను ముడుచుకుపోవడమని భావం. అప్పుడది పెద్దవారి మనోరోగంలో ఒక లక్షణానికి మాత్రమే పేరు. 1920ల మధ్యలో మాస్కోలో గ్రూన్యా సుఖరేవా అనే వైద్యురాలు ఆరుగురు బాలుర గురించి వ్రాసిన వర్ణన ఈనాటి ఆటిజం వర్ణనకు చాలా దగ్గరగా ఉంటుంది. లోకం దానిని చాలాకాలం పట్టించుకోలేదు.

1943లో అమెరికాలో, బాల్టిమోర్ నగరపు జాన్స్ హాప్కిన్స్ ఆసుపత్రి వైద్యుడు లియో కానర్ పదకొండుమంది పిల్లల గురించి ఒక వ్యాసం ప్రకటించాడు. ఎనిమిదిమంది మగపిల్లలు, ముగ్గురు ఆడపిల్లలు. మొదటివాడు డొనాల్డ్. మిసిసిపీ రాష్ట్రంలో ఫారెస్ట్ అనే చిన్న పట్టణం వాడు. 1938లో అయిదేళ్ళ వయసులో కానర్ దగ్గరికి వచ్చాడు. కొడుకు తీరుతెన్నులను వివరిస్తూ తండ్రి ముందుగానే 33 పుటల ఉత్తరం వ్రాసి పంపాడు. గుండ్రని వస్తువు ఏది దొరికినా తిప్పడం, అది తిరుగుతుంటే చూసి సంతోషం పట్టలేక గంతులు వేయడం, తలను ఇటూ అటూ ఆడించడం, ఇవన్నీ ఆ వ్యాసంలో ఉన్నాయి.

ఇక్కడ చరిత్రలో ఒక విచిత్రం ఉన్నది. ఆటిజం మొదటి వర్ణనలో, మొదటి పిల్లవాడి కథలోనే, ఆ చేష్ట వెంట సంతోషం కూడా నమోదయింది. తరువాతి ముప్ఫయి నలభై ఏళ్ళలో వచ్చిన గ్రంథాలలో చేష్ట మిగిలింది, సంతోషం జారిపోయింది. లక్షణాల పట్టికలో సంతోషానికి గడి లేదు మరి.

కానర్ చెప్పిన రెండో మాట, ఆ పిల్లలకు అన్నీ ఎప్పటిలాగే ఉండాలన్న గాఢమైన పట్టుదల ఉంటుందని. ఇది మనకు మరీ తెలియని భావమేమీ కాదు. దారుల్‌షిఫా దగ్గరి సాలార్‌జంగ్ మ్యూజియంలో ఆ సంగీత గడియారం ముందు గంట గంటకూ గుమిగూడే జనాన్ని చూడండి. లోపలినుంచి ఒక బుల్లి గడ్డపు మనిషి వస్తాడు, గంట కొడతాడు, పోతాడు. పోయిన గంటలో చేసినదే మళ్ళీ చేస్తాడని అందరికీ తెలుసు. సరిగ్గా అదే చూడడానికి వస్తారు. అనుకున్నది అనుకున్నట్టు జరగడంలో మనసుకు ఒక నెమ్మది ఉన్నది. కొందరికి ఆ నెమ్మది అవసరం మనకంటె చాలా ఎక్కువ.

డొనాల్డ్ ట్రిప్లెట్ పెద్దవాడై, తన పట్టణంలోనే బ్యాంకులో ఉద్యోగం చేసి, గోల్ఫు ఆడి, దేశాలు తిరిగి, 2023 జూన్‌లో 89 ఏళ్ళ వయసులో కాలం చేశాడు. ఆ ఊరు అతన్ని తనవాడిగా ఉంచుకొంది.

కానర్ తరువాతి ఏడాది, 1944లో, వియన్నాలో హన్స్ ఆస్పెర్గర్ ఇటువంటి బాలుర గురించే వ్రాశాడు. అతడు కొందరు పిల్లలను నాజీల కాలపు ష్పీగెల్‌గ్రుండ్ అనే మృత్యుగృహానికి పంపే పత్రాలపై సంతకం చేశాడని 2018లో వెలువడిన పరిశోధనలు బయటపెట్టాయి. పిల్లలను వర్గీకరించే చేయి ఎంత దూరం పోగలదో తెలుసుకోవడానికి ఈ ఒక్క ఉదంతం చాలు.

చేతులు కట్టుకో

1960లలో కాలిఫోర్నియా విశ్వవిద్యాలయంలో ఈవార్ లోవాస్ అనే మనోవిజ్ఞాని ఈ చేష్టకు వాడిన పేరు సెల్ఫ్ స్టిమ్యులేషన్, అంటే తన్ను తాను ఉత్తేజపరచుకోవడం. స్టీరియోటైపీ కంటె ఈ పేరు ఒక మెట్టు మేలు, పిల్లవాడికి దీనివల్ల ఏదో అందుతున్నదని ఒప్పుకొన్నది గనుక. అయితే అందుతున్నది మంచిదని మాత్రం ఒప్పుకోలేదు. ఆ చేష్టలో మునిగిన పిల్లవాడు పిలుపుకు ఆలస్యంగా స్పందిస్తున్నాడు, కాబట్టి చదువుకు ఇది అడ్డం, ముందు దీనిని మాన్పించాలి అన్నది వారి వాదం.

మాన్పించిన తీరు చదివితే మనసు కలత పడుతుంది. 1965లో లోవాస్ బృందం ప్రకటించిన ఒక పత్రంలో అయిదేళ్ళ కవలలను నేలలో విద్యుత్తు పారే గదిలో ఉంచి, ఊగడం, గీపెట్టడం మాన్పించి, పెద్దల దగ్గరికి వచ్చేటట్టు చేసిన ప్రయోగం ఉన్నది. అదే ఏడాది లైఫ్ పత్రిక ఆ చికిత్సాపద్ధతిని ఫోటోలతో సహా లోకానికి చూపించింది. అప్పట్లో ఎక్కువమంది దానిని క్రూరమనుకోలేదు, ఆశ అనుకున్నారు. తల్లుల చల్లని మనసే పిల్లల ఆటిజానికి కారణమని నిందించే సిద్ధాంతం రాజ్యమేలుతున్న రోజులవి. ఆ నింద పడిన తల్లిదండ్రులకు, నీ బిడ్డకు నేర్పవచ్చు అన్న మాట ఎవరి నోట వచ్చినా అమృతంలాగే వినిపించి ఉంటుంది. దెబ్బలు, షాకులు ఆ తరువాతి దశాబ్దాలలో చాలావరకు పోయాయి. కాని చేతులు నిశ్చలంగా ఉంచు అన్న ఆజ్ఞ మాత్రం ప్రపంచంలో ఎన్నో ప్రత్యేక పాఠశాలల గదుల్లో నిలిచిపోయింది. మన బడులకు ఆ ఆజ్ఞను ఎవరూ నేర్పనక్కరలేదు. మనం ఒకటో తరగతిలో విన్న మొట్టమొదటి మాటే చేతులు కట్టుకో.

అయితే ఆ లోవాస్ సంప్రదాయం నుంచే వచ్చిన ఒక ప్రయోగం, వారు ఆశించని దారి తెరిచింది. 1970ల చివర ఆర్నాల్డ్ రింకోవర్ అనే పరిశోధకుడు, బల్లమీద పళ్ళెం తిప్పుతూ కూర్చునే ఒక పిల్లవాణ్ణి గమనించాడు. బల్లమీద తివాచీ పరిచాడు. పళ్ళెం తిరుగుతూనే ఉంది, శబ్దం పోయింది. పిల్లవాడు తిప్పడం మానేశాడు. అంటే ఇన్నాళ్ళూ అతడు పళ్ళేన్ని వింటున్నాడన్నమాట. మరొక పిల్లవాడికి అదే పని చూపు కోసం కావచ్చు, ఇంకొకరికి వేళ్ళకు తగిలే స్పర్శ కోసం కావచ్చు. పిల్లవాడు కోరే అనుభూతి ఏదో తెలుసుకొని, దానిని ఇచ్చే ఆటవస్తువులు ఇస్తే వాటితో ఆడుకొంటాడని కూడా వారు చూపారు. ప్రయోగం చేష్టను మాన్పించడానికే జరిగింది. తేలినది మాత్రం ఆ చేష్టకు అర్థం ఉన్నదని.

ఆ వివరం చదివినప్పుడు నాకు 1980ల చివర నా ఆరో తరగతిలో ఉన్న ఒక పిల్లవాడు జ్ఞాపకం వచ్చాడు. తల్లి లాడ్ బజారులో లక్క గాజులకు రాళ్ళు అతికే పని చేసేది. వాడు సిరాబుడ్డి మూతను షాబాదు బండల నేలమీద తిప్పి, అది పడిపోయేదాకా చెవి నేలకు ఆనించి పడుకొనేవాడు. మూత మెల్లగా ఒరిగేటప్పుడు శబ్దం ముందు నెమ్మదించి, పడిపోయే ముందు గబగబా బిగుస్తుంది. ఆ చివరి చప్పుడుకు వాడి ముఖం విచ్చుకొనేది. బడిలో బాధ్యత గల ఒకరు, క్రమశిక్షణ పేరిట, తరగతి జరిగినంతసేపూ వాడి చేతులు రుమాలుతో కట్టి ఉంచాలని నిర్ణయించారు. రెండు వారాలు తిరక్కముందే వాడు మణికట్టు కొరుక్కోవడం మొదలుపెట్టాడు. గాయం చూసి తల్లి వచ్చి ఏడ్చిన తరువాత రుమాలు తీసేశారు. మూతను మాత్రం రానివ్వలేదు. ఆ వేసవి తరువాత వాడు బడికి రాలేదు. ఆటిజం అన్న మాట ఆనాడు మా బడిలో ఎవరి చెవినా పడలేదు. వాడికి ఉన్నది అదేనని ఇప్పుడు తేల్చి చెప్పడం నా పని కాదు. ఊరట నిచ్చే చేష్టను కట్టేస్తే నొప్పి కలిగించే చేష్ట దాని స్థానంలో వచ్చి కూర్చోవడం మాత్రం కళ్ళారా చూసినది.

గదిలో సరుకు పెరిగితే

అవతల ఇంగ్లండులో, ఆక్స్‌ఫర్డ్‌లో కొరిన్ హట్, ఆమె సహచరులు 1964లో నేచర్ పత్రికలో వేరొక ఆలోచన ముందుపెట్టారు. ఆటిజం గల పిల్లల మెదడు మిక్కిలి జాగృతంగా ఉంటుందేమో, ఈ చేష్టలు ఆ ఉద్రిక్తతను దించుకొనే మార్గమేమో అని. ఖాళీ గదిలో కంటె, వస్తువులూ మనుషులూ చేరిన గదిలో పిల్లలు ఈ చేష్టలు ఎక్కువ చేయడం వారు గమనించారు. తరువాతి పరిశోధనలు అందరు పిల్లల్లోనూ ఒకే తీరున దీనిని నిర్ధారించలేదు. కొందరికి ఉద్రిక్తత దించుకోవడానికి, కొందరికి మందకొడితనం పోగొట్టుకోవడానికి, ఒకే మనిషికి వేరువేరు వేళల్లో వేరువేరు అవసరాలకు ఈ చేష్ట పనికి రావచ్చునని నేటి అవగాహన. 2013లో అమెరికన్ మనోవైద్యుల సంఘం తన నిర్ధారణ గ్రంథపు అయిదో కూర్పును వెలువరించినప్పుడు, శబ్దం, వెలుతురు, స్పర్శ వంటి వాటికి అతిగానో అల్పంగానో స్పందించడాన్ని ఆటిజం లక్షణాలలో చేర్చింది. ఆవృత్త చేష్టలున్న వర్గంలోనే చేర్చింది.

ఒక పాతబస్తీవాడికి ఈ గది ప్రయోగం వేరే చెప్పనక్కరలేదు. మదీనా చౌరస్తా నుంచి పత్తర్‌గట్టి మీదుగా చార్మినారు దాకా సాయంత్రం ఆరింటికి నడిచి చూడండి. ఆటోల హారన్లు, అత్తరు, కబాబుల పొగ, గాజుల దుకాణాల దీపాలు, భుజాలకు తగిలే భుజాలు. మనకు ఇవన్నీ కలిసి బజారు అనే ఒక్క మాటగా అందుతాయి. వేటికవి విడివిడిగా, అన్నీ ఒకే బిగ్గరితనంతో మీదపడితే చేతులు ఏదో ఒకటి చేయక ఊరుకోవు.

ఇంకొక మాట కూడా పరిశోధకులు చెప్పారు. 1979లో ఎస్తర్ థెలెన్ అనే శాస్త్రవేత్త ఇరవైమంది మామూలు శిశువులను మొదటి ఏడాది పొడుగునా వారి ఇళ్ళలోనే గమనించి, కాళ్ళు తన్నడం, ఊగడం, చేతులు ఆడించడం వంటి లయబద్ధమైన ఆవృత్త కదలికలు 47 రకాలు లెక్కపెట్టింది. మన తారంగం, చప్పట్లు, ఉయ్యాల ఊరికే పుట్టలేదు. పెద్దవాళ్ళమైనా మనం కాలు ఆడిస్తాం, మెటికలు విరుస్తాం, కలం మూత తీసి పెడతాం. తేడా రకంలో కంటె మోతాదులో, అవసరంలో ఎక్కువగా ఉన్నది.

లోపలినుంచి వచ్చిన సాక్ష్యం

ఇంతవరకు చెప్పినవన్నీ బయటినుంచి చూసినవారి మాటలు. 1986లో అమెరికాలో టెంపుల్ గ్రాండిన్ తన జీవితకథ ప్రకటించారు. చిన్ననాడు వేళ్ళ సందుల్లోంచి ఇసుక జారవిడుస్తూ, ఒక్కో రేణువునూ పరిశీలిస్తూ, చుట్టూ ఉన్న చప్పుళ్ళనుంచి తాను తప్పించుకొనే తీరును అందులో చెప్పారు. 1992లో ఆస్ట్రేలియా రచయిత్రి డొనా విలియమ్స్ మరొక అడుగు వేశారు. తన జీవితకథ చివర, ఊగడం, తట్టడం, చేతులు ఆడించడం, వస్తువులను కదిలించడం వంటి తన చేష్టలు ఒక్కొక్కదానికీ అర్థం వ్రాశారు. ఒక పండితుడిగా దానిని నేను నిఘంటువు అనే అంటాను. లోకం అర్థం లేనిదన్న భాషకు, ఆ భాష మాట్లాడే మనిషే వ్రాసిన నిఘంటువు.

మన దక్షిణదేశంలోనే పెరిగిన టీటో రాజర్షి ముఖోపాధ్యాయ్ పెద్దగా మాటలు రాని పిల్లవాడు. తల్లి సోమా చదువు చెప్పగా చిన్న వయసులోనే వ్రాయడం నేర్చాడు. బియాండ్ ద సైలెన్స్ అన్న అతని పుస్తకం 2000లో ఇంగ్లండులో వెలువడింది. తన దేహం ముక్కముక్కలుగా చెదిరినట్టు ఉండేదని, గిరగిర తిరిగినప్పుడు ఆ ముక్కలు ఒక్కటిగా కూడుకొన్నట్టు తోచేదని అతడు వ్రాశాడు. బయటివాడికి పిచ్చి తిరుగుడు. లోపలివాడికి తన్ను తాను పోగుచేసుకొనే యత్నం.

1992లో జిమ్ సింక్లెయిర్ మొదలైనవారు ఆటిజం గలవారి సొంత సంఘం ఒకటి స్థాపించారు. ఇటువంటి సంఘాలలోనే సెల్ఫ్ స్టిమ్యులేషన్ అన్న పొడుగు మాట అరిగి స్టిమ్మింగ్ అయింది. వైద్యుడు పెట్టిన పేరును రోగి అనబడినవాడు తీసుకొని, ముద్దుపేరుగా మార్చుకొన్నాడు. 2007లో మెల్ బ్యాగ్స్ అనే అమెరికన్, నీటిధారను వేళ్ళతో తాకుతూ, ఊగుతూ, ఏదో రాగం తీస్తూ ఉన్న తన వీడియోను యూట్యూబులో పెట్టి, తన పరిసరాలతో తాను మాట్లాడే భాష ఇదేనని యంత్రస్వరంతో వివరించారు. 2019లో స్టీవెన్ క్యాప్, ఆయన సహపరిశోధకులు ముప్ఫయిమందికి పైగా ఆటిజం గల పెద్దలను అడిగితే, ఇది తమకు ఊరటనిస్తుందని, పట్టలేని భావాన్ని, అది దుఃఖమైనా సంతోషమైనా, అదుపులోకి తెస్తుందని చెప్పారు. దీనిని బలవంతంగా మాన్పించే చికిత్సలను వారు వ్యతిరేకించారు. నలుగురిలో దాచుకోవడానికి పడే శ్రమను కూడా చెప్పారు. వారంతా తమ సంగతి చెప్పుకోగల పెద్దలు. మాట రాని పిల్లల సాక్ష్యం ఇంకా మనకు పూర్తిగా అందలేదన్నది మరువరాదు.

మూసీకి ఆవల ఒక కొలత

ఈ చరిత్రలో మన నగరానికి కూడా ఒక పుట ఉన్నది. 1984లో సికిందరాబాదు బోయినపల్లిలోని మనోవికాస్ నగర్‌లో కేంద్రప్రభుత్వం మానసిక వికలాంగుల జాతీయ సంస్థను నెలకొల్పింది. తరువాత దాని పేరు మేధోవైకల్యం గల వ్యక్తుల సాధికారత సంస్థగా మారింది. పేర్ల చరిత్రలో అదొక చిన్న ఉదాహరణ. పాతబస్తీ తల్లులకు అది మూసీ దాటి, నగరం ఆ చివరనుంచి ఈ చివరదాకా చేసే ప్రయాణం.

ఆటిజాన్ని కొలవడానికి భారతదేశం కోసం తయారైన కొలమానాన్ని ఆ సంస్థే 2009లో వెలువరించింది. నలభై అంశాలు, ఆరు విభాగాలు, ఒక్కో అంశానికి ఒకటి నుంచి అయిదు దాకా మార్కులు. 1995 నాటి వికలాంగుల చట్టంలో ఆటిజం పేరు లేదు. 1999 నాటి నేషనల్ ట్రస్ట్ చట్టం దానిని పేర్కొన్నది. 2016 చట్టం ఇరవైయొక్క వైకల్యాలలో ఒకటిగా చేర్చింది. ధ్రువపత్రం ఇవ్వడానికి సికిందరాబాదులో పుట్టిన ఈ కొలమానాన్నే వాడాలని ప్రభుత్వం 2016లో ప్రకటించింది. ఒక పేద తల్లికి ఆ పత్రం ఎంత అవసరమో వేరే చెప్పనక్కరలేదు.

ఆ ప్రశ్నావళిని పాఠం చదివినట్టు చదివితే ఒక సంగతి కనబడుతుంది. చేతులాడించడం వంటి ఆవృత్త చేష్టలు ప్రవర్తన అనే విభాగంలో ఉన్నాయి. పక్కనే దూకుడు, మొండి ఏడుపులు, తన్ను తాను గాయపరచుకోవడం ఉన్నాయి. ఇంద్రియానుభూతులు వేరే విభాగం. కొలవడానికి ఈ అమరిక సౌకర్యమే కావచ్చు. కాని కాగితం చేతబట్టుకొని ఇంటికి వచ్చిన తల్లిదండ్రులు చెవులు మూసుకోవడాన్ని ఒక గడిలోనూ, చేతులాడించడాన్ని చెడ్డ అలవాట్ల గడిలోనూ చూస్తే, మొదటిది రెండోదానికి కారణం కావచ్చునన్న సంగతి వారికి ఎవరు చెబుతారు? ఆ చెప్పడం కొలమానం పని కాదు. వైద్యుల పని, ఉపాధ్యాయుల పని, చదువుకొన్న ఇరుగుపొరుగుల పని.

నలుగురూ ఊగితే

పాతబస్తీలో బతికినవాడికి తోచే మాట ఒకటి చెబుతాను. లయకు ఒళ్ళు అప్పగించడం ఈ నగరానికి కొత్త కాదు. మదరసాలో పిల్లలు ముందుకూ వెనక్కూ ఊగుతూ ఖురాను వల్లెవేస్తారు. వేదపాఠశాలలో ఉదాత్తానుదాత్త స్వరితాలకు తల కదిలిస్తూ పిల్లలకు నేర్పుతారు. దుకాణం గల్లాపెట్టె దగ్గర కూర్చున్న వృద్ధుడి వేళ్ళ మధ్య తస్బీ పూసలు తిరుగుతూనే ఉంటాయి. పక్కింటి అవ్వ రామకోటి వ్రాస్తుంది. మొహర్రం పదోనాడు బీబీ కా ఆలం వెంట వేలమంది గుండెలమీద ఒకే లయలో బాదుకొంటారు. ఆషాఢంలో లాల్‌దర్వాజ బోనాలకు డప్పు మోగితే పోతరాజు వెంట వీధి వీధే ఊగుతుంది. ఇవి స్టిమ్మింగ్ అని నేననడం లేదు. వీటికి భక్తి ఉన్నది, సంప్రదాయం ఉన్నది. ఆవృత్తమైన కదలిక మనసును కూడగడుతుందన్న రహస్యం మాత్రం మనకు తరతరాలుగా తెలుసు. నలుగురు కలిసి ఊగితే గౌరవించి, ఒక్కడు ఊగితే గాలి సోకిందంటున్నాం.

ఇక్కడ ఒక హెచ్చరిక తప్పదు. అన్ని చేష్టలూ ఊరటనిచ్చేవి కావు. తల గోడకు బాదుకోవడం, రక్తం వచ్చేటట్టు కొరుక్కోవడం వంటివి కొత్తగా మొదలైతే, మాట చెప్పలేని పిల్లవాడికి పంటినొప్పో, చెవిపోటో, మలబద్ధకమో ఉన్నదేమో ముందు వైద్యుడికి చూపాలి. హఠాత్తుగా చూపు నిలిచిపోవడం, పిలిస్తే, తట్టితే తెలియకపోవడం మూర్ఛ కావచ్చు. ఆటిజం గలవారిలో మూర్ఛ ఇతరులలో కంటె ఎక్కువ. గాయపరచే చేష్టకు బదులుగా, అదే అనుభూతినిచ్చే నిరపాయమైన చేష్టను చూపడం మంచిపనే. ఎవరికీ హాని చేయని చేతుల కదలికను, చూసేవారి సిగ్గు కోసం మాన్పించడం మాత్రం మంచిపని కాదు. మాన్పించే ముందు అడగవలసిన ప్రశ్న ఒక్కటే. దీనివల్ల వీడికి ఏమి అందుతున్నది?

ఉద్దీపనమా, ఆలంబనమా?

ఇక పేరు సంగతి. స్టిమ్మింగ్‌ను సూటిగా తెనిగిస్తే స్వయం ఉద్దీపనం అని వస్తుంది. అలంకారశాస్త్రం చదివినవారికి ఉద్దీపనం వినగానే దాని జంట కూడా స్ఫురిస్తుంది. విభావాలు రెండు. వెన్నెల, మలయమారుతం వంటివి భావాన్ని రగిలించేవి, ఉద్దీపనాలు. భావం దేన్ని ఆశ్రయించి నిలుస్తుందో అది ఆలంబనం. శాస్త్రార్థం పక్కనపెట్టి మాట అర్థం మాత్రం తీసుకొంటే, ఆలంబనం అంటే పట్టుకొని నిలిచేది, ఊత. వైద్యులు ఇన్నాళ్ళూ ఈ చేష్టలో ఉద్దీపనాన్ని మాత్రమే చూశారు. గ్రాండిన్, విలియమ్స్, టీటో చెప్పినది ఎక్కువభాగం ఆలంబనం గురించి. రెండూ నిజమే. కాని మన భాషలోకి ఇప్పుడే వస్తున్న మాట గనుక, ఇంగ్లీషు మాట నడిచిన వంకర దారంతా మనం మళ్ళీ నడవనక్కరలేదు.

అందుచేత ఊతచేష్ట అన్న మాటను మీ ముందుంచుతున్నాను. తెలుగు మాటకు సంస్కృతపదం చేర్చిన మిశ్రసమాసమని నా తోటి పండితులు ముఖం చిట్లించవచ్చు. ఊపులో ఊత ఉన్నదని తెలిపే మాట ఏదైనా నాకు సమ్మతమే. మీమీ ప్రాంతాలలో, రాయలసీమలో, కళింగాంధ్రలో, తెలంగాణ పల్లెల్లో, ఈ చేష్టను తిట్టు లేకుండా చెప్పే పలుకుబడి అమ్మమ్మల నోట ఎక్కడైనా బతికి ఉంటే దయచేసి తెలియజేయండి. అది నా మాటకంటె తప్పక మేలైనదే అయివుంటుంది. ఆ మాట దొరికితే ముందు బడిపంతుళ్ళకు చెప్పాలి. చేతులు కట్టుకో అనేది వాళ్ళే గనుక.

స్వస్తి.